కోనసీమ సైకిల్ టూర్: కొన్నేళ్ళు తొక్కాక నా అభిప్రాయం

కోనసీమలో గైడు వెంట సైకిలు తొక్కే టూర్‌కి కొన్నేళ్ళుగా దాదాపు ప్రతి చలికాలం వెళ్తున్నాను. ఒక్కణ్ణే వెళ్ళాను, ఇంట్లోవాళ్ళతో వెళ్ళాను, ఆఫీసు స్నేహితుల్ని లాక్కెళ్ళాను. అన్నిసార్లూ ఒకేలా లేదు. బాగున్నప్పుడు గైడు వల్లే బాగుంది, విసుగొచ్చినప్పుడూ గైడు వల్లే. దారి కష్టమేమీ కాదు, ఫోన్లో మ్యాప్ పెట్టుకుని ఎవరికి వాళ్ళు తొక్కేసుకోవచ్చు. కానీ ఈ పూట ఏ ఇంట్లో పూతరేకులు తీస్తున్నారో, ఏ పుంత వానకి బురదై ఉందో, ఎవరి కొబ్బరితోటలోంచి అడిగి వెళ్ళాలో మ్యాప్‌కి తెలియదు.

నేను వెళ్ళేది అక్కడి కుర్రాళ్ళు కొందరు కలిసి నడుపుతున్న చిన్న సంస్థతో. పేరు రాయను. మెచ్చుకునేవాటితో పాటు తిట్టాల్సినవీ ఉన్నాయి. మూడు పగళ్ళు, రెండు రాత్రులు. సైకిలు, హెల్మెట్, బస, తిండి వాళ్ళదే. సామాన్లు మోయడానికి వెనకాల ఒక ట్రాలీ ఆటో వస్తుంది. తొక్కలేకపోయినవాళ్ళు అందులో ఎక్కి కూర్చోవచ్చు, ఎవరూ నవ్వరు. ధర సీజన్ని బట్టి, గుంపుని బట్టి మారుతుంది కాబట్టి అంకె రాయడం లేదు.

నేల గురించి ముందు చెప్పాలి. గౌతమి, వసిష్ఠ పాయల మధ్య ఉన్న డెల్టా ఇది, గుట్ట అన్నదే కనిపించదు. ధవళేశ్వరం దగ్గర కాటన్ దొర ఆనకట్ట 1847లో మొదలై 1852లో పూర్తయింది. ఆ నీళ్ళని మోసే కాలువల గట్లే ఇప్పుడు మన సైకిల్ దారి. మొదటి రోజు బొబ్బర్లంక దగ్గర, మధ్య డెల్టా కాలువ మొదలయ్యే చోట బయల్దేరి, గట్టు పట్టుకుని ఆత్రేయపురం, లొల్ల లాకులు, ర్యాలి మీదుగా కిందికి వస్తాం. ఒక గంట ఆగకుండా సైకిలు తొక్కగలిగిన ఎవరైనా ఈ దారి తొక్కగలరు. అలవాటు లేనివాళ్ళని ఇబ్బంది పెట్టేది ఎదురుగాలి. మధ్యాహ్నం అయ్యేసరికి సముద్రం వైపునుంచి మొదలవుతుంది. పొద్దున్న హాయిగా సాగిన దారే సాయంత్రం రెట్టింపు దూరం అనిపిస్తుంది. ఇంకా ఎంతుందండీ అని ఊళ్ళో ఎవర్నడిగినా "ఎంతోలేదండి బాబూ, అదిగో" అంటారు. నమ్మకండి.

ఇంకో చికాకు ఇసుక టిప్పర్లు. గట్టు రోడ్డు ఇరుకు, ఒక పక్క కాలువ, ఇంకో పక్క పల్లపు చేను. మంచి గైడు టిప్పర్ల వేళ చూసుకుని ఊరి లోపలి దారి పట్టిస్తాడు. కొత్తగా వచ్చిన కుర్రాడైతే అదే గట్టు మీద అందర్నీ వరసగా తీసుకుపోతాడు. ఒక ఏడాది అలా దుమ్ము తాగుతూ తొక్కాం. బసకి చేరాక గట్టిగా గొడవ పెట్టుకుంటే మర్నాటి నుంచి దారి మార్చారు.

ఆత్రేయపురంలో పూతరేకుల ఇంటి దగ్గర ఆగడం మొత్తం టూర్లో నాకు బాగా నచ్చే భాగం. 2023లో ఈ పూతరేకులకి భౌగోళిక గుర్తింపు, అదే జీఐ ట్యాగ్, వచ్చింది. ఆ తర్వాత రోడ్డు పక్క దుకాణాలు ఇంకా పెరిగాయి. మా పాత గైడు దుకాణానికి తీసుకెళ్ళడు. రేకులు తీసే ఇంటికి తీసుకెళ్తాడు. కుండని బోర్లించి పొయ్యి మీద పెట్టి ఉంటుంది, కింద ఎండు కొబ్బరాకు మంట. బియ్యం నానబెట్టి రుబ్బిన పిండి నీళ్ళలా పల్చగా ఉంటుంది. ఆ ఇంటావిడ చిన్న గుడ్డని అందులో ముంచి, రెండు చేతులతో అంచులు పట్టుకుని కుండ వీపు మీద ఒక్క లాగు లాగుతుంది. అంతే, కళ్ళముందే తెల్లబడి ఉల్లిపొరలా లేచొచ్చేస్తుంది రేకు. ఆ మంట పక్కన, ఆ పొగలో, పొద్దున్నుంచి అదే పని. మంట కాస్త ఎక్కువైతే రేకు మాడుతుంది, తగ్గితే అంటుకుపోతుంది. మాట్లాడుతూనే ఆవిడ ఎడమచేత్తో ఇంకో ఆకు పొయ్యిలోకి తోస్తుంది, చూపు మాత్రం కుండ మీదే.

మా వాళ్ళలో ఒకావిడకి ప్రయత్నిస్తారా అని గుడ్డ ఇచ్చారు. రేకు రాలేదు, పిండి ముద్దలు వచ్చాయి. ఇంటావిడ నవ్వి, "మాకూ నెలలు పట్టిందమ్మా" అంది. తర్వాత రేకుని తడిగుడ్డతో కాస్త మెత్తబరిచి, నెయ్యి రాసి, బెల్లప్పొడి చల్లి, మడిచి చేతిలో పెట్టింది. కొనుక్కోదలిస్తే బెల్లానివి తీసుకోండి. జీడిపప్పు, చాక్లెట్ కూరినవి కూడా దొరుకుతున్నాయి. నా మట్టుకు వాటిలో రేకు రుచి తెలియదు.

ఇక్కడ గైడు తేడా బాగా కనిపిస్తుంది. పాత గైడు ముందురోజే ఫోన్ చేసి, "పిన్నిగారూ, రేపు ఎనిమిది మందిమి వస్తున్నామండి, పని ఆపక్కర్లేదు" అని చెప్పి ఉంటాడు. వెళ్ళాక ఫోటోలకి ముందు అడుగుతాడు, వచ్చేముందు ఆవిడ చేతిలో డబ్బు పెడతాడు. ఆ డబ్బు మన ప్యాకేజీలోదే. వేరే గైడు వచ్చిన ఏడాది ముందు చెప్పలేదు. మేం వెళ్ళేసరికి ఆవిడ పొయ్యి ఆర్పేసి భోజనానికి కూర్చుంది. మా కోసం లేచి మళ్ళీ మంట వేయబోతే మేమే వద్దన్నాం.

భోజనం సంగతికొస్తే, మధ్యాహ్నం ఒక ఇంట్లో అరిటాకు వేస్తారు. ముద్దపప్పు, ఆవకాయ, ఆవపెట్టిన పనసపొట్టు కూర, కందాబచ్చలి, గడ్డ పెరుగు. పనసపొట్టు ఆవఘాటు ముక్కుకెక్కేలా ఉంటే బాగా కుదిరినట్టు. వద్దన్నా వడ్డిస్తారు. "కాస్త పెరుగన్నం తినకుండా లేస్తారేంటి బాబూ" అని ఆ ఇంటి పెద్దావిడ నిలబడితే ఎవరు లేవగలరు? గోదావరి వాళ్ళ మర్యాద జోకులు అందరికీ తెలుసు, అక్కడ కూర్చున్నాక జోకు కాదని తెలుస్తుంది. కానీ తొక్కేవాడికి అది చిక్కు. అంత తిని ఎర్రటి ఎండలో సైకిలెక్కితే కడుపులో తిప్పుతుంది. మొదట్లో భోజనమయ్యాక అరగంటలో బయల్దేరదీసేవాళ్ళు. చాలామంది మొత్తుకున్నాక ఇప్పుడు మూడున్నర దాకా నడుం వాల్చనిస్తున్నారు. చేసిన మార్పుల్లో నేను మెచ్చుకునేది ఇది. రెండో రోజు పొద్దున్న అంబాజీపేటలో పొట్టిక్కలు పెడతారు. పనసాకులతో కుట్టిన బుట్టల్లో ఇడ్లీ పిండి పోసి ఆవిరి మీద ఉడికిస్తారు. ఆకు వాసన పిండికి పడుతుంది. వేడిగా తినాలి, చల్లారితే మామూలు ఇడ్లీయే.

పులస గురించి ఒక మాట. పుస్తెలమ్మైనా పులస తినాలన్న సామెత విని, జనవరిలో బుక్ చేసుకుని పులస పులుసు పెట్టలేదని గొడవపడేవాళ్ళని చూశాను. వరద కాలంలో, ఎర్రనీటికి ఎదురీది సముద్రంలోంచి గోదావరిలోకి వచ్చినప్పుడే అది పులస. సైకిలు తొక్కే రోజుల్లో అది ఉండదు. వరదల్లో టూర్ ఉండదు, లంక ఊళ్ళ కాజ్‌వేలు అప్పుడు నీళ్ళలో ఉంటాయి. చలికాలంలో ఎవరైనా పులస అని వడ్డిస్తే అది వేరే చేప. మా వాళ్ళు ఆ అబద్ధం ఎప్పుడూ ఆడలేదు.

రెండో రోజు అంబాజీపేట నుంచి గన్నవరం అక్విడక్ట్ దాకా తొక్కుతాం. వైనతేయ పాయ మీదుగా కాలువనే అవతలికి దాటించిన కట్టడం అది. కాటన్ కాలం నాటి పాత కమానులు పక్కన ఉన్నాయి, ఇప్పుడు నీళ్ళు పారేది కొత్తదాంట్లో. కొత్తదానికి డొక్కా సీతమ్మగారి పేరు పెట్టారు. లంకల గన్నవరంలో రేవు దాటి వచ్చే బాటసారులకి వేళాపాళా లేకుండా అన్నం పెట్టిన ఆవిడ. 1909లో చనిపోయారు. బడిపిల్లల మధ్యాహ్న భోజన పథకానికి ఇప్పుడు ఆవిడ పేరే ఉంది. పాత గైడు ఈ కథని వంతెన మీద నిలబడి చెప్పడు, ఎండకి. కింద రేవులో చెట్టు నీడన కూర్చోబెట్టి, బొండాలు కొట్టించి చెబుతాడు. పొద్దున ఆవిడ పేరు విని, మధ్యాహ్నం ఆ పెద్దావిడ వడ్డన చూస్తే రెండూ కలుస్తాయి.

అతనిలో ఇంకో మంచి గుణం, ఊరిని అందంగా మాత్రమే చూపించడు. కొబ్బరాకు మీద తెల్లదోమ మచ్చలు చూపిస్తాడు. చేలు రొయ్యల చెరువులైపోయిన చోట ఆపి, పక్క చేనుకి ఉప్పునీరు ఎలా వస్తుందో చెబుతాడు. 2011లో ఇదే కోనసీమ రైతులు పంట విరామం ప్రకటించారని చాలామందికి గుర్తులేదు. మురుగు కాలువలు పూడి చేలు మునగడం, ధర రాకపోవడం, కూలీ పెరగడం. అంత పచ్చగా ఉన్న చోట వరి వేయబోమని ఎందుకన్నారో గట్టు మీద నిలబడి వింటే అర్థమవుతుంది. 1996 నవంబర్ తుపాను మాట ముసలివాళ్ళెవర్ని కదిపినా వస్తుంది. పాశర్లపూడి వైపు వెళ్ళిన ఏడాది 1995లో గ్యాస్ బావి అంటుకుని రెండు నెలలకు పైగా మండిన సంగతి కూడా చెప్పాడు. టూర్లో ఇవన్నీ ఎందుకు, హాయిగా తిరగడానికి వచ్చాం కదా అని మా బ్యాచ్‌లో ఒకాయన గొణిగాడు. నాకైతే వీటి కోసమే మళ్ళీ మళ్ళీ వెళ్ళాలనిపిస్తుంది.

ఇప్పుడు తిట్లు. బండారులంకలో మొదట్లో మగ్గం ఉన్న ఇంటికి తీసుకెళ్ళేవాళ్ళు. గుంటలో కాళ్ళు పెట్టుకుని నేసే ఆయన పక్కనే కూర్చుని, పోగు తెగితే ఎలా ముడేస్తాడో చూశాం. ఇప్పుడు కొన్ని బ్యాచ్‌లని దాని బదులు చీరల షోరూముకి తీసుకెళ్తున్నారు. మూలన ఒక మగ్గం పెట్టారు, మేం వెళ్ళేదాకా దాని మీద ఎవరూ లేరు. కమీషన్ ఉందో లేదో నేను చెప్పలేను గానీ, అక్కడ గడిపిన సమయంలో ఎక్కువ భాగం బిల్లు కౌంటర్ దగ్గరే గడిచింది. ఇంకోటి, రాత్రి బస దగ్గర కోలాటం. పొద్దంతా పొలం పని చేసి వచ్చిన ఆడవాళ్ళని పిలిచి మా ముందు ఆడించారు. వాళ్ళ మొహాల్లో నిద్ర కనిపిస్తోంది. వద్దని రాసిచ్చాం. మరుసటేడు లేదు, ఆ తర్వాతేడు మళ్ళీ వచ్చింది.

గుంపు కూడా పెరుగుతోంది. ఎనిమిది మంది ఉంటే ఒక ఇంటి వసారాలో పడతారు, మాట కలుస్తుంది. పదిహేను దాటితే ముందువాళ్ళు వెళ్ళాక వెనకవాళ్ళు చేరేసరికి గైడు చెప్పాల్సింది అయిపోతుంది. బుక్ చేసేటప్పుడు ఎంతమంది, గైడు ఎవరు అన్న రెండూ అడగండి. చెప్పకపోతే ఇంకో తేదీ చూసుకోండి.

సైకిళ్ళు పర్వాలేదు. లావు టైర్ల బండ్లు, బరువెక్కువ. ఇన్ని గేర్లెందుకో గానీ ఎదురుగాలికి రెండు పనికొస్తాయి. పొట్టిగా ఉన్నవాళ్ళకి సరిపోయే బండ్లు తక్కువ, ఎత్తు ముందే చెప్పండి. బ్రేకులు మొదటి ఊళ్ళోనే చూసుకోండి. తుమ్మముళ్ళకి పంక్చర్లు మామూలే, కుర్రాళ్ళు చకచకా వేసేస్తారు. హెల్మెట్లు పదిమంది చెమట పట్టినవి, లోపల కట్టుకోవడానికి పల్చటి తువ్వాలు తీసుకెళ్ళండి. సీటు మెత్తగా ఉండదు. లోపల మెత్త ఉన్న నిక్కరు కొనుక్కుంటే మూడో రోజు కూర్చోగలరు.

మూడో రోజు ముక్తేశ్వరం రేవు. సైకిళ్ళు పంటు, అంటే బండ్లని కూడా దాటించే పెద్ద పడవ, ఎక్కించి గౌతమి దాటి కోటిపల్లి వెళ్తాం. కార్లు, మోటార్ సైకిళ్ళు, పాలక్యాన్లు, పెళ్ళివారు, మధ్యలో మన సైకిళ్ళు. స్టాండ్ వేసి వదిలేస్తే పడిపోతాయి, హ్యాండిల్ పట్టుకుని నిలబడాలి. ఏళ్ళ తరబడి కడుతున్న రైలు వంతెన స్తంభాలు నదిలో కనిపిస్తాయి, వాటి గురించి పంటు మీద ప్రతివాడికీ ఒక అభిప్రాయం ఉంటుంది. ఈ రేవు దాటడానికి గైడు చెప్పాల్సిందేమీ లేదు, అతను కూడా ఊరుకుంటాడు.

నవంబర్ చివర నుంచి ఫిబ్రవరి దాకా మంచి కాలం. వేసవిలో వెళ్ళకండి. ఉక్క సరే, కాలువలు కట్టేసి ఉంటాయి, నీళ్ళు లేని కాలువ గట్టు మీద తొక్కడంలో ఏమీ లేదు. సంక్రాంతి బ్యాచ్‌కి డిమాండ్ ఎక్కువ, కనుమనాడు జగ్గన్నతోట ప్రభల తీర్థం కోసం. ప్రభలంటే వెదురుతో కట్టి, రంగు గుడ్డలతో అలంకరించి, దేవుణ్ణి నిలిపి మోసే ఎత్తైన చట్రాలు. పదకొండు ఊళ్ళ నుంచి ఏకాదశ రుద్రుల ప్రభలు వస్తాయి. గంగలకుర్రు ప్రభల్ని చేలకడ్డంగా, కౌశిక కాలువ నీళ్ళలోంచి భుజాల మీద మోసుకొస్తుంటే, "అశ్శరభ శరభ" అని ఆ అరుపులు, అంత ఎత్తు ప్రభ నీళ్ళలో ఒరగకుండా నిలబడటం, చూసి తీరాలి. కానీ ఆ రోజు సైకిలు బరువే. ఆ జనంలో తొక్కలేరు, నడిపించలేరు, ఎక్కడో పెడితే సాయంత్రం వెతుక్కోలేరు. బసలో వదిలేసి నడిచి వెళ్ళండి, ఆ రోజుకి సైకిలు అద్దె తగ్గించమని అడగండి. నాకు తగ్గించారు. రాజమండ్రి నుంచి తిరుగు రైలు టికెట్ మాత్రం టూర్ కంటే ముందు చేయించుకోండి, పండగ తర్వాత దొరకదు.