లైన్‌బ్యాకర్ తలకు గార్డియన్ క్యాప్ పనికొస్తుందా?

అమెరికన్ ఫుట్‌బాల్‌లో ప్రత్యర్థులను ఢీకొట్టి ఆపే రక్షణ ఆటగాడు లైన్‌బ్యాకర్. అతని ఉద్యోగమే గుద్దడం. 1990 నుంచి 2009 దాకా ఆ ఆట ప్రొఫెషనల్ లీగ్ ఎన్‌ఎఫ్‌ఎల్‌లో 20 సీజన్లు ఆడిన లైన్‌బ్యాకర్ జూనియర్ సియావ్ 2012లో చనిపోయాక, ఆయన మెదడులో సీటీఈ, అంటే తలకు పదేపదే దెబ్బలు తగిలి మెదడు క్షీణించే జబ్బు, బయటపడింది. ఆ జబ్బుకు పెద్ద దెబ్బలే కాదు, రోజూ ప్రాక్టీసులో తగిలే చిన్న దెబ్బలూ కారణమే. హెల్మెట్ మీద తొడిగే మెత్తని తొడుగు గార్డియన్ క్యాప్ అక్కరకొచ్చేది అక్కడే.

2022 శిక్షణ శిబిరాల్లో లైన్‌మెన్, టైట్ ఎండ్ స్థానాల్లో ఆడేవారితో పాటు లైన్‌బ్యాకర్లకూ లీగ్ దీన్ని తప్పనిసరి చేసింది. గుద్దుకునే ఇద్దరిలో ఒకరు వేసుకుంటే తాకిడి తీవ్రత కనీసం 10 శాతం, ఇద్దరూ వేసుకుంటే 20 శాతం తగ్గుతుందని లీగ్ లెక్క. 2024 నుంచి మ్యాచ్‌ల్లోనూ వేసుకోవచ్చు.

కొనేముందు మోడల్ చూడండి. ప్రొఫెషనల్స్ వాడేది ఎన్‌ఎక్స్‌టీ, సుమారు 340 గ్రాములు. స్కూలు పిల్లలకు అమ్మేది ఎక్స్‌టీ, దాదాపు 200 గ్రాములు, నురుగు పలచన. లీగ్ అంకెలు చూసి ఎక్స్‌టీ కొంటే మోసపోయినట్టే. అమెరికాలోని విస్కాన్సిన్ రాష్ట్ర హైస్కూళ్ల అధ్యయనంలో తొడుగు వేసుకున్నా కంకషన్లేమీ (తలదెబ్బతో మెదడు అదిరే గాయాలు) తగ్గలేదు.

బిగించేటప్పుడు ముందు అంచును నుదుటి దగ్గర సరిగ్గా కూర్చోబెట్టి, వెల్క్రో అతికించి, ఎలాస్టిక్ పట్టీలను ఫేస్‌మాస్క్ కడ్డీల చుట్టూ తిప్పి బటన్లు నొక్కాలి. పట్టీ వదులైతే తొడుగు కళ్లమీదికి జారుతుంది, బంతి ఎటు పోతోందో చూడాల్సినవాడికి అంతకంటే చేటు లేదు. వెల్క్రోలో గడ్డి, మట్టి చేరితే పట్టు పోతుంది, బ్రష్‌తో దులపండి. చూడ్డానికి పుట్టగొడుగులా ఉంటుంది, నిజమే.

పాత హెల్మెట్ ఉన్నవారికి ఎన్‌ఎక్స్‌టీ కొనదగ్గదే. కొత్తగా వచ్చిన మేలైన హెల్మెట్లు కొన్ని తొడుగు లేకుండానే అంత రక్షణ ఇస్తాయి కాబట్టి, అవి వాడేవారికి లీగే మినహాయింపు ఇచ్చింది.