ఎన్నికల సంఘం ఫలితాల వెబ్‌సైట్: ఒడిశా 2024 పేజీలు చెప్పేవి, చెప్పనివి

ఓట్ల లెక్కింపు రోజున టీవీ ఛానళ్లు అంకెలతో పోటీ పరుగు పెడుతున్నప్పుడు, నమ్మకంగా చూసుకోదగిన చోటు భారత ఎన్నికల సంఘం నడిపే ఫలితాల వెబ్‌సైట్. లెక్కింపు కేంద్రాల నుంచి రిటర్నింగ్ అధికారులు నమోదు చేసిన అంకెలే అందులోకి వస్తాయి కాబట్టి అది ఛానళ్ల కంటే వెనకబడినట్టు కనిపిస్తుంది. ఆ ఆలస్యాన్ని లోపంగా ఎంచడం సరికాదు. అయితే ఈ సేవ ఎవరు గెలిచారో చెప్పడంతో సరిపెడుతుందా, ఎలా గెలిచారో కూడా తెలుసుకోనిస్తుందా అన్నది వేరే ప్రశ్న. దాన్ని పరీక్షించడానికి 2024 నాటి ఒడిశా శాసనసభ ఎన్నికల కంటే తగిన ఉదాహరణ నాకు తోచలేదు.

2000 మార్చి 5న ముఖ్యమంత్రి అయిన బిజూ జనతాదళ్ (బీజేడీ) నేత నవీన్ పట్నాయక్ వరసగా ఐదు ఎన్నికలు గెలిచి, ఆరోసారి ప్రజల ముందుకు వచ్చారు. గెలిచి ఉంటే ఆ ఆగస్టు నాటికే, అత్యధిక కాలం ముఖ్యమంత్రిగా ఉన్న సిక్కిం నేత పవన్ చామ్లింగ్ రికార్డును దాటేవారు. వ్యక్తిగతంగా ఆయన మీద పెద్దగా వ్యతిరేకత లేదన్నది ప్రత్యర్థులు సైతం కాదనని మాట. ప్రచారం ఆయన ఆరోగ్యం చుట్టూ, తమిళనాడులో పుట్టి ఐఏఎస్ వదిలి బీజేడీలో చేరిన వి.కె. పాండియన్ పెత్తనం చుట్టూ, పూరీ జగన్నాథుని ఆలయ ఖజానా అయిన రత్న భండారం కనిపించకుండా పోయిన తాళంచెవుల చుట్టూ తిరిగింది. జూన్ 4న 147 స్థానాల్లో భాజపాకు 78, బిజూ జనతాదళ్‌కు 51, కాంగ్రెస్‌కు 14, సీపీఎంకు 1, స్వతంత్రులకు 3 దక్కాయి.

రాష్ట్ర పేజీ తెరవగానే కనిపించే పట్టిక ఇదే. గెలిచినవి, ఆధిక్యంలో ఉన్నవి, మొత్తం అని వరసలు తీర్చి పార్టీల రంగులతో చూపించే ఆ అమరిక శుభ్రంగా ఉంది. చిన్న ఫోనులోనూ తేలిగ్గా చదవవచ్చు, ప్రకటనల గోల లేదు. అసలు కథ మాత్రం దానికి దిగువన, ఓట్ల శాతాన్ని చూపే వృత్తాకార చిత్రంలో ఉంది. బీజేడీకి 40.22 శాతం, భాజపాకు 40.07 శాతం వచ్చాయి. అంటే ఓడిన పార్టీకే ఓట్లు ఎక్కువ పడ్డాయి. సీట్లలో 27 తేడా, ఓట్లలో తేడా శాతంలో ఆరో వంతుకు లోపే. ఇంత అరుదైన విషయాన్ని పట్టికలో సీట్ల పక్కనే ఇంకొక నిలువు వరసగా చేర్చి ఉంటే చదువరి ఒక్క చూపులో గ్రహించేవాడు. రెండు దాదాపు సమానమైన ముక్కలున్న గుండ్రటి బొమ్మలో ఏది పెద్దదో కంటికి ఆనదు, అంకెలు వెతికి చదువుకోవలసిందే.

అదే రోజు ఆంధ్రప్రదేశ్ పేజీని పక్కన పెట్టి చూస్తే ఈ కొరత మరింత తెలుస్తుంది. ఇక్కడ కూడా అధికారంలో ఉన్న పార్టీ ఓడింది. వైకాపాకు 39.37 శాతం ఓట్లు వచ్చినా 175లో 11 సీట్లే దక్కాయి. దాదాపు అంతే శాతంతో బీజేడీ 51 తెచ్చుకోవడానికి కారణం, ఒడిశాలో వ్యతిరేక ఓటు భాజపా, కాంగ్రెస్‌ల మధ్య చీలగా, ఆంధ్రలో అది పొత్తు రూపంలో ఒకచోట చేరడమే. కానీ వెబ్‌సైట్‌కు పొత్తు అన్న మాటే తెలియదు. తెలుగుదేశం 135, జనసేన 21, భాజపా 8 అని విడివిడిగా చూపుతుంది, 164 అన్న కూడిక మనమే వేసుకోవాలి. పొత్తుకు చట్టంలో గుర్తింపు లేదు కాబట్టి సంఘం జోక్యం చేసుకోకపోవడం సమంజసమే కావచ్చు. కాకపోతే కొత్తగా చూసేవారికి కూటమి విజయం ఆ పట్టికలో సగమే కనిపిస్తుంది.

ఈ సేవలో అన్నిటికంటే మెచ్చదగినవి నియోజకవర్గాల పేజీలు. అభ్యర్థి ఫొటో, ఈవీఎం ఓట్లు, పోస్టల్ బ్యాలెట్లు, మొత్తం, శాతం, చివర నోటా, వీటితో పాటు రౌండ్ల వారీ వివరం కూడా దొరుకుతుంది. గంజాం జిల్లా హింజిలి పేజీలో నవీన్‌కు 66,459 ఓట్లు, భాజపా అభ్యర్థికి 61,823 ఓట్లు, అంటే 4,636 మెజారిటీ. అంకె సరే, దాని బరువు ఎంతో ఈ పేజీ చెప్పదు. 2000 నుంచి ఆయన సొంత స్థానమైన హింజిలిలో 2019 మెజారిటీ 60 వేలు దాటిందని తెలిస్తేనే ఈ 4,636 వెనకున్న కుదుపు అర్థమవుతుంది. పాత ఫలితాన్ని పక్కన చూపే చిన్న గడి ఒకటి ఉండి ఉంటే ఎంత బాగుండేది!

నవీన్ పోటీ చేసిన రెండో నియోజకవర్గం కంటాబంజిలో ఆయన 16,344 ఓట్ల తేడాతో ఓడారు. తెలంగాణ ఇటుక బట్టీలకు ఏటా వలస వచ్చే కూలీలు రైలెక్కే ఊరంటే చాలామంది తెలుగువారికి అదెక్కడో గుర్తొస్తుంది. అక్కడ నవీన్ ఓడారన్న వార్తకు ఛానళ్లు ఎన్ని వ్యాఖ్యలు జోడించినా, రౌండ్ల పట్టిక చూసి ఆధిక్యం ఎక్కడ ఎలా సాగిందో సొంతంగా అంచనా వేసుకునే అవకాశం ఈ వెబ్‌సైట్ ఇస్తుంది.

ఒడిశాలో లోక్‌సభకూ అదే రోజుల్లో ఓటు వేశారు. అక్కడ భాజపాకు 21లో 20, కాంగ్రెస్‌కు ఒకటి, బీజేడీకి సున్నా. ఒకే ఓటరు రెండు యంత్రాల మీద రెండు గుర్తులు నొక్కిన చోట్ల, ఆ తేడాను చూడదలచినవారు లోక్‌సభ విభాగం ఒక కిటికీలో, శాసనసభ విభాగం ఇంకొక కిటికీలో తెరిచి కాగితం మీద రాసుకోవాలి. రెండిటినీ కలిపి చూపే పేజీ లేదు.

భాష సంగతి ఇంకా నిరాశ కలిగిస్తుంది. పేజీలు ఇంగ్లిషులో, హిందీలో ఉంటాయి. ఫలితం ఒడిశాదైనా ఒడియా ఉండదు, బరంపురం, పర్లాకిమిడి ప్రాంతాల తెలుగువారికి తెలుగూ ఉండదు. ఓటరు జాబితాలు స్థానిక భాషల్లో అచ్చువేసే సంఘానికి, అభ్యర్థుల పేర్లు, నాలుగు శీర్షికలు ఆ భాషలో పెట్టడం పెద్ద పనేమీ కాదు.

ఈ వెబ్‌సైట్ చూపేది లెక్కించిన ఓట్లను మాత్రమేనని కూడా గమనించాలి. పోలైన ఓట్లకూ లెక్కలోకి వచ్చిన ఓట్లకూ తేడా ఉందని ఎన్నికల తరవాత బీజేడీ ఫిర్యాదు చేసింది. అందులో నిజమెంతో తేల్చుకోవాలంటే బూత్‌వారీగా పోలైన ఓట్లను నమోదు చేసే ఫారం 17సీ కావాలి, అది ఇక్కడ దొరకదు. బూత్‌వారీగా ఎవరికెన్ని వచ్చాయో తెలిపే ఫారం 20 కోసం రాష్ట్ర ప్రధాన ఎన్నికల అధికారి వెబ్‌సైట్‌కు వెళ్లాలి. సమగ్ర గణాంక నివేదికలు విడుదలయ్యేసరికి 2024 డిసెంబరు వచ్చింది. ఆ రోజు ఎవరు గెలిచారో తెలుసుకోవాలనుకునేవారికి ఫలితాల పేజీ చాలు, లోతుగా చదవాలనుకునేవారు ఫారం 20తో మొదలుపెట్టడం మేలు.