బగల్ ముక్క ఉన్న లాల్చీ: మండి బజార్ దర్జీ పనితనంపై సమీక్ష

షోరూముల్లో కుర్తా అని అమ్మేవాటిలో చాలావరకు మోకాళ్ల దాకా సాగిన చొక్కాలే. భుజం మీద కుట్టు, గుండ్రంగా తవ్విన చంక, నడుము దగ్గర లోపలికి తీసిన పక్కలు, అంతా చొక్కా కటింగే. కాలర్ మడత తీసేసి నిలువు పట్టీ పెడతారు, ధర రెట్టింపు చేస్తారు. నిలబడి ఫోటో దిగినంతసేపు బాగానే ఉంటుంది. పెళ్లి పందిట్లో సక్లంముక్లం పెట్టి కూర్చుంటే మాత్రం తొడల దగ్గర బిగుస్తుంది, దసరా నాడు జమ్మి ఆకు చేతిలో పెట్టి అలాయ్ బలాయ్ ఇస్తే చంకలో పిగులుతుంది.

వరంగల్ మండి బజార్ వెనక సందులో ఇంకా పాత పద్ధతిలో, కలీలు, అంటే పక్కల్లో కలిపే వాలు ముక్కలు, వేసి లాల్చీ కుట్టే దర్జీ దుకాణం ఒకటి ఉంది. రెండు మిషన్లు, ఒక కటింగ్ బల్ల, అంతే. మామూలు లాల్చీకి కుట్టుకూలి 550 రూపాయలు, కలీలు వేస్తే 700. కటింగ్‌కు ఐదులో ఐదు ఇవ్వొచ్చు. లోపలి పనికి, అంటే బక్రం (పట్టీలు గట్టిగా నిలబడడానికి లోపల వేసే బట్ట), చీలిక మూలలు, కుట్టు అంచులకు మూడు దాటవు. ఎందుకన్నది వివరంగా చెప్పుకోవాలి, ఎందుకంటే ఈ లోపాలన్నీ బట్ట ఇచ్చేటప్పుడే నాలుగు మాటలు చెబితే తప్పించుకోగలిగినవి.

ముందు కటింగ్ సంగతి. పాత లాల్చీలో వంపు ముక్కలు దాదాపు ఉండవు. చేతి మగ్గం బట్ట ఖరీదైన కాలంలో, వృథా పోకుండా నిలువు ముక్కలు, వాలు ముక్కలు మాత్రమే కోసి కుట్టిన వస్త్రం అది. మధ్యలో ముందూ వెనకా కలిపి ఒకటే పొడుగు ముక్క, భుజం మీదుగా మడత పడుతుంది. అందుకే భుజం మీద కుట్టు ఉండదు. దానికి రెండు పక్కలా ముందు రెండు, వెనక రెండు, మొత్తం నాలుగు కలీలు. చేతులు తిన్నగా కోసినవి. చేయి, పక్క కలిసే చోట చంక కింద చదరపు ముక్క ఒకటి, అదే బగల్ ముక్క.

ఛాతీ 40, పొడవు 40 అంగుళాల లాల్చీకి ఈ దర్జీ వేసే లెక్క ఇది. మధ్య ముక్క వెడల్పు 16 అంగుళాలు. ఒక్కో కలీ పైన 3, కింద 9 అంగుళాలు. అంటే ఛాతీ దగ్గర చుట్టుకొలత 44 వస్తుంది, బగల్ ముక్క ఇచ్చే వదులు అదనం. కింద అంచు దగ్గర 68 అంగుళాలు. అదే చొక్కా కటింగ్‌లో కింద 48 దాటదు. ఈ 20 అంగుళాల తేడాయే మోకాళ్లు విప్పి కింద కూర్చున్నప్పుడు అక్కరకొచ్చేది. 12 అంగుళాల వెడల్పున్న ముక్కను ఏటవాలుగా కోస్తే రెండు కలీలు వస్తాయి, గజం బట్టలో పోయేది పిడికెడు పేలికలు కూడా కాదు.

కలీకి ఒక అంచు నిటారు, ఇంకో అంచు వాలు. వాలు అంచు సాగుతుంది. దాన్ని మధ్య ముక్క నిటారు అంచుకు కలిపి కుట్టాలి, కలీ నిటారు అంచు బయటికి, పక్క చీలిక వైపు రావాలి. తిరగేస్తే సాగే అంచులు రెండూ పక్కన ఒకచోట చేరి, నాలుగు ఉతుకులకే లాల్చీ మూలలు కుక్క చెవుల్లా కిందికి వేలాడతాయి. ఈ దుకాణంలో ఆ పొరపాటు కనిపించలేదు. హనుమకొండలో పెద్ద బోర్డులున్న చోట్ల కూడా ఇది తెలియని కుర్రాళ్లు కుడుతున్నారు.

బగల్ ముక్క నాలుగున్నర అంగుళాల చదరం, వజ్రం ఆకారంలో నిలబెట్టి కుడతారు. అది లేకపోతే చేయి ఎత్తినప్పుడు లాగుడంతా నాలుగు కుట్లు కలిసే ఒక్క బిందువు మీద పడుతుంది, బట్ట అక్కడే పోతుంది. ఉంటే ఆ లాగుడు నాలుగు వైపులా పంచుకుపోతుంది. ట్రయల్ వేసినప్పుడు రెండు చేతులూ తల మీదికి ఎత్తి చూడాలి. కింది అంచు రెండు అంగుళాలకు మించి లేస్తే బగల్ ముక్క చిన్నదైనట్టు. తర్వాత కింద కూర్చుని, నేలకు నుదురు ఆనేలా వంగి చూడాలి. వీపు మీద పట్టేయకూడదు. నమాజుకు వేసుకునేవాళ్లకు ఈ పరీక్ష వేరే చెప్పక్కర్లేదు, ఈ దర్జీ దగ్గర రంజాన్‌కు కుట్టించేవాళ్లు ముందు చూసేది అదే.

ఇక్కడ లాల్చీ ఒక్కరి సొత్తు కాదు. ఉత్తరాదిలో వాడుకలో ఉన్న తొడుగు దక్కనుకూ వచ్చి, నిజాం జమానాలో షేర్వాణీ కింద లోపలి అంగీగా నిలబడింది. తర్వాత ఖద్దరు ఉద్యమం దాన్ని తెల్లగా చేసి పంచె మీదికి తెచ్చింది. పి.వి. నరసింహారావు ప్రధానిగా ఉన్న 1991–96 నాటి ఫోటోల్లో ఎక్కువగా కనిపించేది ఆ పంచె, లాల్చీ, కండువాయే. ఇప్పుడు గంజి పెట్టిన తెల్ల లాల్చీ చూస్తే ఎవరైనా లీడరనే అనుకుంటారు. గంజి ఎంత చిక్కగా ఉంటే పదవి అంత దగ్గర్లో ఉన్నట్టు!

మన పెళ్లిలో మాత్రం లాల్చీకి ఒక హద్దు ఉంది. ఎదురుకోలుకు, రిసెప్షన్‌కు పెళ్లికొడుకు ఒంటి మీద పట్టు లాల్చీ ఉంటుంది. మధుపర్కాలు కట్టుకునే వేళకు అది తీసేసి పంచె, ఉత్తరీయంతోనే పీటల మీద కూర్చునే ఇళ్లు ఇప్పటికీ ఉన్నాయి. శాస్త్రం పట్టించుకునే చోట కుట్టని బట్టదే పైచేయి. అందుకని పెళ్లికొడుకు లాల్చీ కుట్టించేటప్పుడు మెడ కింద గుండీల పట్టీ 14 అంగుళాల దాకా లోతుగా పెట్టించండి. తలపాగా, బాసికం చెదరకుండా తీయడం వేయడం తేలికవుతుంది. మామూలుగా 12 చాలు.

బట్ట విషయంలో దుకాణం తప్పేమీ లేదు, వాళ్లు బట్ట అమ్మరు. మనమే తెచ్చుకోవాలి. వరంగల్‌కు నేత కొత్త కాదు. 1934లో వచ్చిన ఆజంజాహి మిల్లు ఇప్పుడు లేదు. కొత్తవాడ మగ్గాల పేరు జంపఖానాలతో ముడిపడింది, 2018లో జీఐ (భౌగోళిక సూచిక) గుర్తింపు వచ్చింది కూడా వాటికే. లాల్చీకి సరిపోయే బట్ట కావాలంటే మెట్‌పల్లి ఖాదీ వైపు చూడాలి. సిరిసిల్ల మరమగ్గాల పాలిస్టర్ బట్ట చవక, ముడుచుకోదు, కానీ మే నెల ఎండలో ఒంటికి అతుక్కుంటుంది. కలీల లాల్చీకి అది మరీ పనికిరాదు. ఆ బట్టకు బరువుగా జారే గుణం లేదు, 68 అంగుళాల వెడల్పు కిందికి దిగకుండా ఉబ్బుకుని నిలబడుతుంది.

ఖాదీ అంటే చేత్తో వడికిన నూలు, చేతి మగ్గం మీద నేసిన బట్ట. 1956 నాటి ఖాదీ కమిషన్ చట్టంలో ఉన్న నిర్వచనమూ అదే. మిల్లు నూలుతో మగ్గం మీద నేస్తే చేనేత అవుతుంది గాని ఖాదీ కాదు. కొనేటప్పుడు ఖాదీ మార్క్ ట్యాగ్ చూడండి. బట్టను వెలుతురుకు ఎదురుగా పట్టుకుంటే పోగుల్లో లావు సన్నాలు కనిపించాలి. మరీ సమానంగా ఉంటే అనుమానించాల్సిందే.

36 అంగుళాల పన్నా (అడ్డం వెడల్పు) ఉన్న బట్టయితే, పైన చెప్పిన కొలతకు మూడుంబావు మీటర్లు కావాలి. 44 పన్నా అయితే రెండున్నర చాలు. దుకాణంలో అడిగితే అలవాటు కొద్దీ ‘రెండున్నర తెండి’ అనేస్తారు, పన్నా అడగరు. 36 పన్నాలో రెండున్నర తీసుకెళ్తే కలీలకు బట్ట రాదు, చివరికి చొక్కా కటింగే గతి.

లోపాల్లో మొదటిది బట్ట తడపకపోవడం. తడిపి కుడతామంటారు, నిజానికి పైన నీళ్లు చల్లి ఇస్త్రీ చేస్తారు. ఖాదీకి అది సరిపోదు. 40 అంగుళాల లాల్చీ మొదటి ఉతుకుకు రెండు అంగుళాలు ఎక్కిపోవడం మామూలే. కాబట్టి బట్టను ఇంట్లోనే రాత్రంతా చన్నీళ్లలో నానబెట్టి, పిండకుండా నీడన ఆరేసి, కొంచెం తేమ ఉండగానే ఇస్త్రీ చేసి ఇవ్వండి. రంగు బట్టయితే విడిగా నానబెట్టాలి. ఉప్పు వేస్తే రంగు నిలుస్తుందని చాలామంది నమ్ముతారు, అద్దకంలో పట్టని రంగును ఉప్పు పట్టించలేదు.

రెండోది బక్రం, ఇదే పెద్ద చిక్కు. మెడ పట్టీలో, గుండీల పట్టీలో వీళ్లు గమ్ బక్రం వేసి ఇస్త్రీతో అంటిస్తారు. పని త్వరగా అయిపోతుంది, డెలివరీ రోజు పట్టీ అద్దంలా కనిపిస్తుంది. ఉతికాక ఖాదీ ముడుచుకుంటుంది, బక్రం ముడుచుకోదు, మధ్యలో గమ్ వదిలి బుడగలు లేస్తాయి. ఎంత ఇస్త్రీ చేసినా ఆ బుడగలు పోవు. మార్గం ఒక్కటే: కుట్టు బక్రం, అంటే గమ్ లేని కాటన్ బక్రం, అది కూడా నీళ్లలో నానబెట్టి ఆరబెట్టింది వేయించుకోవడం. యాభై రూపాయలు ఎక్కువ అడుగుతారు, మారు మాట్లాడకుండా ఇవ్వండి. మెడ పట్టీ ఎత్తు ఒకటింబావు అంగుళం దాటనివ్వకండి. ఒకటిన్నర పెడితే కూర్చుని తల వంచినప్పుడు గడ్డానికి తగులుతుంది, మెడ పొట్టిగా ఉన్నవాళ్లకైతే రోజంతా చిరాకే.

మూడోది పక్క చీలిక. దాని పైమూల లాగుడు పడే చోటు. అక్కడ లోపల చిన్న త్రికోణం ముక్క వేసి, పైన అడ్డంగా మూడు నాలుగు గట్టి కుట్లు వేయాలి. అడగకపోతే వేయరు. జేబు అక్కడికి పైనే ఉంటుంది కనుక ఫోను బరువు కూడా ఆ కుట్టు మీదే పడుతుంది. పక్క కుట్లో జేబు పెట్టించేటప్పుడు నోటి వెంబడి లోపల పట్టీ వేయించాలి, లేకపోతే జేబున్న పక్క సాగి పొడవుగా కనిపిస్తుంది. పంచె మీద వేసుకునేవాళ్లకు వేరే జేబు ఉండదు కాబట్టి రెండు పక్కలా జేబులు పెట్టించడమే మేలు. లోతు ఏడు అంగుళాలు.

లోపలి అంచులు ఓవర్‌లాక్ చేసి వదిలేస్తున్నారు. ఖాదీ నేత వదులు, పోగులు జారతాయి. అంచును లోపలికి మడిచి రెండు వరసలు కుట్టే పద్ధతి వాళ్లకు బాగా వచ్చు, చేయించుకోవడమే మన పని. అంగుళానికి పది నుంచి పన్నెండు కుట్లు పడాలి. కాజాలు మాత్రం చేత్తో తీస్తున్నారు, అవి నిజంగా చూడముచ్చటగా ఉన్నాయి. మిషన్ కాజా లోపలి పోగులు పీచుగా బయటికి వస్తాయి, వీటిలో ఆ గొడవ లేదు. గొలుసు గుండీలు, వెండి గుండీలు పెట్టాలనుకుంటే పట్టీ రెండు వైపులా కాజాలు తీయమని ముందే చెప్పాలి. ఉతికే ముందు గుండీలు తీసేయడం మర్చిపోకూడదు.

అన్నీ గుర్తుంచుకోవడం కష్టమనుకుంటే, బట్ట ఇచ్చేటప్పుడు ఇంత చెబితే చాలు: “మాస్టర్ సాబ్, కలీలు ఏసి కుట్టుండ్రి, బగల్ ముక్క పెట్టుండ్రి. బక్రం కుట్టుది ఏయుండ్రి, గమ్‌ది వద్దు. లోపట మడిచి రెండు కుట్లు.” ఈ మాటలతో వచ్చినవాడు పని తెలిసినవాడని వాళ్లకు అర్థమవుతుంది, ఆ తర్వాత చేతిపనిలోనే తేడా కనిపిస్తుంది.

పొడవు కింద ఏం వేసుకుంటామన్న దాన్ని బట్టి ఉంటుంది. పైజామా మీదికి మోకాలి దాకా. పంచె మీదికి తొడ మధ్య వరకే చాలు, అంతకు మించితే కుచ్చిళ్లు నలిగిపోతాయి. పఠానీకి మోకాలి కిందికి, కానీ అది వేరే కటింగ్, దానికి చొక్కా కాలర్, చేతికి కఫ్ ఉంటాయి. ఆడవాళ్ల కుర్తాలు ఈ దుకాణంలో కుట్టరు. పంజాబీ డ్రెస్సు టాపులకు ఛాతీ దగ్గర డార్ట్‌లు, అంటే వంపు కోసం వేసే మడత కుట్లు, కావాలి, ఆ పని తెలిసినవాళ్లు వేరే ఉన్నారు.

గంజి మీద ఒక్క మాట. ఇంట్లో వార్చిన గంజి వడగట్టి, ఒక గరిటెడు అర బకెట్ నీళ్లలో కలిపితే ఒక తెల్ల లాల్చీకి సరిపోతుంది. చిక్కగా పెడితే మెడ పట్టీ మడత దగ్గర పోగులు విరుగుతాయి, లీడర్ల లాల్చీలు ముందు అక్కడే చిరగడానికి కారణం ఇదే. నెలల తరబడి బీరువాలో దాచేదైతే గంజి లేకుండా ఉతికి పెట్టాలి, లేకపోతే పురుగు పడుతుంది.

డెలివరీ తేదీని మాత్రం నమ్మొద్దు. మామూలు రోజుల్లో వారం అంటే పది రోజులు. రంజాన్ నెల మొదలయ్యాక కొత్త బట్ట తీసుకోరు, తీసుకున్నా కలీల పని ఒప్పుకోరు. దసరాకు కావాలంటే బతుకమ్మ మొదలయ్యే లోపే ట్రయల్ అయిపోవాలి. పెళ్లి లాల్చీకి నెలన్నర ముందు బట్ట ఇవ్వండి, కాజాలు వేయకముందే ఒకసారి వేసి చూసుకుంటామని రసీదు మీద రాయించుకోండి. సగం డబ్బులు అడ్వాన్స్ అడుగుతారు, ట్రయల్ రోజు ఇంకో పావు, చేతికొచ్చాక చివరి పావు ఇస్తామంటే ఒప్పుకుంటారు.