బ్యాక్‌లైన్ మీదికి ఎవరిని పంపాలి? పాంథర్, మ్యాజిక్, ఐరన్ ఫిస్ట్‌లలో ఎవరు మేలు?

మార్వెల్ రైవల్స్ అనే జట్టు షూటర్ వీడియో గేమ్‌లో ర్యాంక్డ్ (గెలుపోటములతో ర్యాంకు మారే మ్యాచ్‌లు) ఆడేవాళ్లు నన్ను ఎక్కువగా అడిగే ప్రశ్న ఒకటుంది. దగ్గరికెళ్లి కొట్టే డ్యూయలిస్టుల్లో (డ్యామేజీ చేయడమే పనిగా ఉన్న హీరోల్లో) ఒక్కరినే బాగా నేర్చుకునే తీరిక ఉంటే ఎవరిని నేర్చుకోవాలి? అడిగేవాళ్ల మనసులో దాదాపు ఎప్పుడూ మూడు పేర్లే ఉంటాయి: బ్లాక్ పాంథర్, మ్యాజిక్, ఐరన్ ఫిస్ట్. ముగ్గురి పనీ ఒకటే. ముందు నిలబడి దెబ్బలు కాచే ట్యాంకుల్ని దాటుకుని, వెనక వరసలో, అంటే బ్యాక్‌లైన్‌లో, నిలబడి సాటివాళ్ల హెల్త్ నింపే హీలర్ల మీద పడాలి. దీన్నే డైవ్ అంటారు. పడే తీరులోనే తేడా అంతా.

ఈ ఆట 2024 డిసెంబర్ 6న వచ్చింది. అప్పటినుంచి ప్రతి సీజన్‌కీ డ్యామేజీ, హెల్త్ అంకెలు మారుతూనే ఉన్నాయి. ఈ వారం ఎవరికి పది పాయింట్లు పెరిగాయో, ఎవరికి తగ్గాయో చూసి హీరోని ఎంచుకుంటే వచ్చే ప్యాచ్‌కి మళ్లీ మొదటికొస్తాం. హీరో ఎబిలిటీలు ఒకదానితో ఒకటి ఎలా ముడిపడి ఉన్నాయన్నది మాత్రం అంత తేలిగ్గా మారదు. నేను చూసేది దాన్నే.

ముందు స్కోర్‌బోర్డ్ సంగతి. ఇలాంటి హీరో ఆడేవాళ్లని జట్టులో అందరూ కిల్స్ చూసే తూస్తారు. "పాంథర్‌కి పాతిక కిల్స్ ఉన్నాయి, మరి ఎందుకు ఓడిపోయాం?" అని కోపగించుకునేవాళ్లు ప్రతి ర్యాంకులోనూ కనిపిస్తారు. ఆ పాతికలో ఎన్ని ఫైట్ మొదట్లో వచ్చాయో, ఎన్ని ఫైట్ అయిపోయాక పారిపోతున్నవాళ్ల మీద వచ్చాయో స్కోర్‌బోర్డ్ చెప్పదు. ఫైట్ మొదట్లో ఒక హీలర్ పడితే అవతలి ట్యాంక్ వెనక్కి తగ్గాల్సిందే. చివర్లో పడితే ఆ హీలర్ రీస్పాన్ అయి (మళ్లీ బతికి) నడిచొచ్చే దూరం తప్ప మారేదేమీ లేదు. అసలు కిల్ రాకపోయినా, ఇద్దరు హీలర్లూ నాలుగైదు క్షణాలు ముందు వరసను వదిలేసి నీ వైపు తిరిగారంటే ఆ కాసేపు వాళ్ల ట్యాంక్‌కి హీలింగ్ ఆగినట్టే. ఆ లాభం ఏ పట్టికలోనూ కనిపించదు.

నా దృష్టిలో అన్నింటికన్నా ముఖ్యమైన ప్రశ్న వేరే ఉంది. డైవ్ తప్పితే ఏమవుతుంది?

వీడియోల్లో మనం చూసేవన్నీ కుదిరిన డైవ్‌లే. ఎగిరాడు, కొట్టాడు, చంపాడు, వచ్చేశాడు. కుదిరినప్పుడు ముగ్గురూ దాదాపు ఒకేలా ఉంటారు, ముగ్గురూ ఒక హీలర్‌ని కళ్లు మూసి తెరిచేలోపు పడగొట్టగలరు. కానీ ర్యాంక్డ్ మ్యాచ్‌లో డైవ్‌లు ఎక్కువగా తప్పుతాయి. అవతలి హీలర్లలో లూనా స్నో ఫ్రీజ్ చేస్తుంది. మాంటిస్ నిద్రపుచ్చుతుంది. ఇన్విజిబుల్ వుమన్ తోసేసి మాయమైపోతుంది. లోకి దీపాల్లాంటి రూన్ రాళ్లు పెట్టేస్తే కొట్టిన దెబ్బ కూడా హీలింగ్‌గా మారిపోతుంది. క్లోక్ కమ్మేస్తాడు, జెఫ్ నేలలోకి దూరిపోతాడు. మొదటి ప్రయత్నం వృథా అయిన ఆ క్షణంలో నీ చేతిలో ఇంకా ఏం మిగిలి ఉంది అన్నదే ఈ హీరోల మధ్య నిజమైన తేడా.

తప్పిన డైవ్ ఖర్చు నువ్వు చావడంతోనే అయిపోదు. ఈ ఆటలో హీలర్లు హీల్ చేసేకొద్దీ వాళ్ల అల్టిమేట్ (చార్జ్ నిండాకే వాడగలిగే పెద్ద ఎబిలిటీ, క్లుప్తంగా అల్ట్) చార్జ్ పెరుగుతుంది. నువ్వు ఒక హీలర్‌ని సగానికి పైగా తగ్గించి చంపలేక వెనుదిరిగితే, ఆ పోయిన హెల్త్ అంతా రెండో హీలర్ నింపుతుంది, దాంతో వాళ్ల అల్ట్ ఇంకాస్త దగ్గరవుతుంది. ఇలా నాలుగు డైవ్‌లు తప్పితే లూనా అల్ట్ ఎందుకంత త్వరగా వచ్చిందో వెతకక్కర్లేదు, ఇచ్చింది నువ్వే. పైగా రోల్ లాక్ (ఏ రకం హీరోలు ఎందరుండాలనే నిబంధన) లేని ఆరుగురి జట్లు కాబట్టి అవతల ముగ్గురు హీలర్లు కూడా ఉండొచ్చు. అప్పుడు తప్పిన డైవ్ ఖరీదు ఇంకా పెరుగుతుంది.

ఈ లెక్కలో పెట్టి ఒక్కొక్కరినీ చూద్దాం.

బ్లాక్ పాంథర్ బలం మొత్తం ఒక గొలుసు మీద ఆధారపడి ఉంది. ఈటె విసిరితేనో, తిరుగుతూ తన్నితేనో శత్రువు మీద వైబ్రేనియం మార్క్ పడుతుంది. మార్క్ పడ్డవాడి మీదికి స్పిరిట్ రెండ్‌తో దూకితే ఆ డ్యాష్ వెంటనే తిరిగి చేతికొస్తుంది, పైగా కొంత బోనస్ హెల్త్ వస్తుంది. మళ్లీ మార్క్ వెయ్యి, మళ్లీ దూకు. ఓవర్‌వాచ్ అనే ఇలాంటి ఆటలో గెంజి అనే హీరోని ఆడినవాళ్లకి ఇది పరిచయమైన రుచే కానీ, పెద్ద తేడా ఒకటుంది. గెంజి డ్యాష్ తిరిగి రావాలంటే ఎవరో ఒకరు పడిపోవాలి. పాంథర్‌కి ఎవరూ చావక్కర్లేదు, మార్క్ తగిలితే చాలు. అందుకే చెయ్యి తిరిగిన పాంథర్ చేతికి చిక్కడు. ఎదురుగా కనిపించినవాడు గురి పెట్టేలోపే వెనక ఉంటాడు. ఆటలో ఇంతకన్నా ప్రమాదకరమైన హీరో లేడంటే నేను కాదనను.

కానీ గొలుసు ఎక్కడో ఒకచోట తెగుతుంది. ఈటె ఒక్క అడుగు పక్కకి పడినా, మార్క్ లేనివాడి మీదికి డ్యాష్ పోయినా, మధ్యలో ఫ్రీజ్ పడినా, పాంథర్ శత్రు జట్టు నట్టనడుమ కూల్‌డౌన్ (ఎబిలిటీ మళ్లీ సిద్ధమయ్యే సమయం) పూర్తవడం కోసం ఎదురుచూస్తూ నిలబడిపోతాడు. అతనికి లోపలికి తీసుకెళ్లేదీ, కొట్టేదీ, బయటికి తెచ్చేదీ ఆ ఒక్క డ్యాషే. గోడ దగ్గరుంటే దాని మీద పరిగెత్తి తప్పించుకోవచ్చు, లేకపోతే చావే. అంటే పాంథర్ తప్పిన డైవ్ దాదాపు ఎప్పుడూ ప్రాణంతోనే ముగుస్తుంది. పై ర్యాంకుల్లో రోజూ అదే హీరో ఆడేవాళ్లకి గొలుసు తెగడం అరుదు, వాళ్లకి నా సలహా అవసరం లేదు. మిగతావాళ్లకి ఈ హీరోతో మంచి మ్యాచ్‌లు చాలా మంచిగా, చెడ్డ మ్యాచ్‌లు భరించలేనంత చెడ్డగా ఉంటాయి. చెడ్డ మ్యాచ్ ఫలితం మిగతా ఐదుగురూ పంచుకోవాలి.

ఐరన్ ఫిస్ట్ నేర్చుకోవడం ముగ్గురిలో తేలిక. అతని దెబ్బలు ఎంచుకున్న శత్రువుని వాటంతట అవే వెంటాడతాయి కాబట్టి గురి గురించిన టెన్షన్ తక్కువ. దెబ్బలు కాచుకునే డ్రాగన్స్ డిఫెన్స్ ఉంది, తనను తాను హీల్ చేసుకునే హార్మొనీ రికవరీ ఉంది. వీటివల్ల డైవ్ తప్పినా వెంటనే చావడు. ఇంతవరకు వింటే అందరికన్నా ఇతనే మేలనిపిస్తుంది.

చిక్కు ఏమిటంటే, అతని కదలికంతా శత్రువు వైపే. వెంటపడటానికి బోలెడు దారులున్నాయి, వెనక్కి రావడానికి మాత్రం అంత నమ్మకమైనది లేదు. తప్పిన డైవ్ తర్వాత అతను చేసేది అక్కడే నిలబడి ఓర్చుకోవడం. కింది ర్యాంకుల్లో ఆ ఓర్పుకే గెలుపు వస్తుంది, ఎందుకంటే హీలర్లు కంగారుపడి తలో వైపు పరిగెడతారు. ఆ గోల కూడా విలువైనదే. పైకి వెళ్లేకొద్దీ హీలర్లు పరిగెత్తడం మానేసి ఒకరినొకరు హీల్ చేసుకుంటూ నీ డిఫెన్స్ అయిపోయేదాకా ఆగి, అప్పుడు కదలకుండా చేసే స్టన్ వేస్తారు. ఇంకో సంగతి కూడా ఉంది. వెంటాడే హీరోకి వెంటాడటం అలవాటైపోతుంది. చావబోతున్న హీలర్ వెనకాల రెండు గదుల అవతలికి వెళ్లిపోయి, చివరికి చంపి తిరిగొచ్చేసరికి ఇక్కడ జట్టు పట్టుకోవాల్సిన పాయింట్ (స్థలం) చేజారి ఉంటుంది. అది హీరో తప్పు కాదనొచ్చు. కానీ ఎబిలిటీలు ఎటు లాగితే ఆట అటే పోతుంది, ఐరన్ ఫిస్ట్ ఎబిలిటీలు అటే లాగుతాయి.

ఇక మ్యాజిక్. నా మొగ్గు ఎటో ఈపాటికి తెలిసే ఉంటుంది. కారణాలు చెప్తాను.

ఆమె స్టెపింగ్ డిస్క్ చిన్న దూరం మాయమై తేలే ఎబిలిటీ. మాయమైన ఆ కాసేపూ ఏ దెబ్బా తగలదు. దానికి రెండు చార్జ్‌లుంటాయి. ఈ రెండో చార్జ్ మీదే నా తీర్పంతా నిలబడి ఉంది. ఒకటి లోపలికి, ఒకటి బయటికి. డిస్క్ నుంచి తేలగానే కత్తి తిప్పుతూ సుడిలా కొట్టొచ్చు, లేదా లింబో అనే మాయాలోకం నుంచి ఒక దెయ్యాన్ని దింపి దాన్ని కొట్టనిచ్చి తను పక్కకి తప్పుకోవచ్చు. పైకి ఎగరేసే దెబ్బ, అంబ్రల్ ఇన్‌కర్షన్, దీనికి పూర్తిగా వేరు. కాబట్టి అది తప్పినా బయటపడే దారి మూసుకుపోదు. పాంథర్‌కి ఒకే డ్యాష్ చెయ్యాల్సిన మూడు పనుల్నీ మ్యాజిక్‌కి వేర్వేరు ఎబిలిటీలు పంచుకుంటాయి.

రెండో కారణం ఆమె కొట్టిన డ్యామేజీలో కొంత బోనస్ హెల్త్‌గా తిరిగి రావడం. కత్తి వాటం వెడల్పు. ఇద్దరు హీలర్లు పక్కపక్కనే ఉంటే ఒక్క ఊపుకే ఇద్దరికీ తగులుతుంది, ఆ మేరకు ఆమె నిలబడుతుంది. ఒకరు కూడా చావకపోయినా ఆమె లోపల ఉన్నంతసేపు ఇద్దరి చేతులూ కట్టేసినట్టే. తర్వాత రెండో డిస్క్‌తో మూల మలుపు తిరిగి, కూల్‌డౌన్ నిండాక మళ్లీ వస్తుంది. ఒక ఫైట్‌లో రెండుసార్లు లోపలికి రాగల హీరో ఒకసారే రాగల హీరోకన్నా మేలని నా గట్టి నమ్మకం, ఆ ఒక్కసారి ఎంత గొప్పగా ఉన్నా సరే.

లోపాలు లేవని కాదు. ఎత్తు మీద నిలబడి కాల్చేవాళ్లు, గాల్లో ఎగిరేవాళ్లు ఆమె చేతికి దొరకరు. ఐరన్ మ్యాన్ పైన తిరుగుతుంటే ఆమె చెయ్యగలిగింది చాలా తక్కువ, ఆ పని ఐరన్ ఫిస్ట్ ఎంతో నయంగా చేస్తాడు. ఆమె అల్టిమేట్ డార్క్‌చైల్డ్ మారేటప్పుడే అందరికీ తెలిసిపోతుంది, అందరూ ఒకేసారి ఆమె మీదే కాలుస్తారు. కనిపించేచోట మారితే అల్ట్ వృథా. గోడ చాటున మారి రావాలి, లేదా అవతలి స్టన్‌లు అయిపోయాక మారాలి. కాంబోలు చేతికి పట్టడానికి కూడా సమయం పడుతుంది. డిస్క్ తర్వాత ఏ దెబ్బ ఏ క్రమంలో వెయ్యాలో వేళ్లకి తెలిసేదాకా ప్రాక్టీస్ రేంజ్‌లో గంటలు గడపాల్సిందే. అయినా పాంథర్ కోసం పెట్టినంత శ్రమ అక్కర్లేదు, ఐరన్ ఫిస్ట్‌లా పై ర్యాంకుకి వెళ్లేసరికి పాతబడిపోదు.

జట్టు విషయం కూడా ముడిపడి ఉంది. మీ ట్యాంకుల్లో వెనమ్‌గానీ కెప్టెన్ అమెరికాగానీ ఉండి లోపలికి దూకేవాళ్లయితే ముగ్గురిలో ఎవరైనా పనికొస్తారు, ఎందుకంటే ఫ్రీజ్, నిద్ర లాంటివి ముందు ట్యాంక్ మీదికే పోతాయి. అలాంటి జట్టులో పాంథర్ నిజంగా వెలిగిపోతాడు. ట్యాంకులు ముందు నిలబడి షీల్డ్ పట్టుకునే రకమైతే డైవ్ చేసేది నువ్వొక్కడివే, అన్ని స్టన్‌లూ నీకోసమే దాచి ఉంచుతారు. ర్యాంక్డ్‌లో ఒంటరిగా క్యూలో చేరేవాడికి ట్యాంకులు ఎలాంటివాళ్లు వస్తారో చేతిలో ఉండదు కాబట్టి, ఒంటరి డైవ్‌ని తట్టుకునే హీరోనే ఎంచుకోవడం క్షేమం. అవతల థింగ్ ఉంటే మాత్రం ఎవరైనా ఆగి ఆలోచించాలి. అతను సాటివాళ్ల దగ్గరికి ఒక్క దూకులో చేరిపోతాడు, అతన్ని ఎగరేయడం, తోసేయడం కుదరదు.

మిగతావాళ్ల గురించి క్లుప్తంగా. వుల్వరిన్‌ని ఈ జాబితాలో కలపడమే సరికాదు. అతని గోళ్ల దెబ్బ శత్రువు మొత్తం హెల్త్‌లో శాతం లెక్కన పడుతుంది కాబట్టి అతని వేట ట్యాంకులే. అవతల పెద్ద ట్యాంకులున్నప్పుడు తీసుకోండి, హీలర్ల మీదికి పంపకండి. బ్లేడ్ దగ్గర కత్తితో పాటు షాట్‌గన్ కూడా ఉంది, చూడ్డానికి బావుంటాడు, డైవ్ కోసం అతన్నే ఎంచుకోవడానికి నాకు కారణం దొరకలేదు. డేర్‌డెవిల్‌కి గోడ అవతలివాళ్లని పసిగట్టే శక్తి ఉంది. ఆ ఒక్కదానికోసం ప్రయత్నించొచ్చు.

చివరిగా బ్యాన్‌ల సంగతి. మొదట్లో డైమండ్ 3 ర్యాంకు నుంచి ఉన్న హీరో బ్యాన్‌లు (మ్యాచ్‌కి ముందు కొందరు హీరోల్ని ఎవరూ తీసుకోకుండా ఆపేయడం) 2025 ఏప్రిల్‌లో రెండో సీజన్‌తో గోల్డ్ 3 నుంచే మొదలయ్యాయి. అంటే నేర్చుకున్న ఒక్క హీరో దొరకని మ్యాచ్‌లు తప్పకుండా వస్తాయి. మ్యాజిక్ పోయిన రోజున అవతల ఎగిరేవాళ్లుంటే ఐరన్ ఫిస్ట్‌ని తీసుకోండి. మీ ట్యాంకులు దూకేవాళ్లయి, మీ ఈటె గురి మీద నమ్మకం ఉంటే పాంథర్‌ని తీసుకోండి. ఈ రెండూ కాకపోతే ఆ మ్యాచ్‌కి డైవ్ ఆలోచనే పక్కన పెట్టి, దూరం నుంచి కాల్చే హీరోతో మీ హీలర్ల పక్కన నిలబడండి. అవతలి జట్టు కూడా ఎవరో ఒకరిని మీ బ్యాక్‌లైన్ మీదికి పంపుతూనే ఉంటుంది.