రచయిత గొంతు కోసం కొనాల్సిన డిస్క్: 'నార్త్ బై నార్త్‌వెస్ట్' బ్లూ-రే

ఈ సినిమా ఎప్పుడో చూసేశాం, మళ్లీ డిస్క్ దేనికి అనుకునేవాళ్ల కోసమే ఈ రివ్యూ. సినిమాకి యాభై ఏళ్లు నిండిన సందర్భంగా 2009లో వచ్చిన బ్లూ-రే ఇది. బొమ్మకి వంక పెట్టడానికేం లేదు, విస్టావిజన్‌లో, అంటే మామూలు కంటే పెద్ద నెగెటివ్ మీద తీసిన సినిమా కాబట్టి పెద్ద టీవీ మీద కూడా నిలబడుతుంది. అసలు సరుకు మాత్రం కామెంటరీ ట్రాక్‌లో ఉంది, అంటే సినిమా నడుస్తుంటే దాని గురించి ఒకరు మాట్లాడే ఆడియోలో. దర్శకుడు హిచ్‌కాక్ 1980లోనే పోయారు కాబట్టి అందులో మాట్లాడేది ఆయన కాదు, కథ రాసిన ఎర్నెస్ట్ లేమన్. 2000 నాటి డీవీడీ కోసం ఎనభై దాటిన వయసులో ఆయన చెప్పిన కబుర్లనే ఇందులోనూ ఉంచారు.

గలగలా మాట్లాడతారని మాత్రం ఆశ పెట్టుకోవద్దు. మధ్యమధ్యలో ఆగిపోతారు, మనం సినిమాలో పడిపోయి ఆయన ఉన్న సంగతే మర్చిపోతాం, అప్పుడు మళ్లీ మొదలెడతారు. ఓపిక లేనివాళ్లకి కష్టమే. ఆయనెవరో కాస్త తెలుసుకుని వింటే మాత్రం వేరేగా ఉంటుంది.

లేమన్ మొదట న్యూయార్క్‌లో ఒక ప్రెస్ ఏజెంట్ దగ్గర పనిచేశారు, అంటే క్లయింట్ల పేర్లు పేపర్ కాలమ్‌లలో పడేలా చూసే ఉద్యోగం. అక్కడ చూసిన కుళ్లంతా పెట్టి రాసిన కథే 1957లో 'స్వీట్ స్మెల్ ఆఫ్ సక్సెస్' సినిమా అయింది. 'సబ్రినా', 'వెస్ట్ సైడ్ స్టోరీ', 'సౌండ్ ఆఫ్ మ్యూజిక్' స్క్రీన్‌ప్లేలలోనూ ఆయన చెయ్యుంది, కానీ అవన్నీ నాటకాల నుంచో మ్యూజికల్స్ నుంచో వచ్చినవి. సొంత బుర్రలోంచి సినిమా కోసమే పుట్టించిన కథ ఆయనకి ఇదొక్కటే, అందుకే ఈ డిస్క్‌కి అంత విలువ.

నిజానికి ఎమ్‌జీఎమ్ స్టూడియో హిచ్‌కాక్, లేమన్ ఇద్దరికీ అప్పగించింది ఓడ ప్రమాదం మీద హ్యామండ్ ఇన్నెస్ రాసిన నవలని. దాన్ని ఎలా సినిమా చేయాలో తనకి తెలియడం లేదని లేమన్ చేతులెత్తేస్తే, హిచ్‌కాక్ ఆయన్ని వదులుకోకుండా ఇంకేదైనా రాద్దామన్నారట. అధ్యక్షుల ముఖాలు చెక్కిన రష్‌మోర్ కొండ మీద ఛేజ్ తీయాలని హిచ్‌కాక్‌కి ఎప్పటినుంచో కోరిక. చేతిలో ఉన్నది ఆ ఒక్క క్లైమాక్స్, దానికి ముందు కథ లేదు! లేమన్ న్యూయార్క్ నుంచి చికాగో, అక్కడి నుంచి రష్‌మోర్ దాకా హీరో వెళ్లాల్సిన దారంతా తనే తిరిగొచ్చి రాశారు. పొలంలో విమానం తరిమే సీన్ మళ్లీ చూడండి, నిమిషాల తరబడి దాదాపు మాటలు లేవు, సంగీతం లేదు, బస్సు కోసం నిలబడ్డ మనిషి, వెళ్లిపోయే కార్లు, అంతే. అదంతా దర్శకుడి మాయ అనేస్తాం గానీ ఆ ఎదురుచూపుని ముందు కాగితం మీద కట్టింది లేమనే.

సినిమా హీరోయిన్ ఈవా మేరీ సెయింట్ నడిపించే మేకింగ్ డాక్యుమెంటరీ కూడా ఉంది, సరదాగా సాగిపోతుంది, ఒకసారి చూడొచ్చు.

నాకు అసంతృప్తి ఎక్కడంటే, నిర్మాతగా లేమన్ కథ ఈ డిస్క్‌లో దొరకదు. ఇది ఒక్క సినిమా డిస్క్ కాబట్టి తప్పు పట్టలేం గానీ, ఆ భాగమే మరీ ఆసక్తికరం. 1966లో 'హూ ఈజ్ అఫ్రెయిడ్ ఆఫ్ వర్జీనియా వుల్ఫ్?'కి స్క్రీన్‌ప్లే రాసి, నిర్మాతగా కూడా ఉన్నారు. అంతకుముందు ఒక్క సినిమా కూడా తీయని మైక్ నికోల్స్ దర్శకుడు, ఎలిజబెత్ టేలర్, రిచర్డ్ బర్టన్ జంట, అప్పటి సెన్సార్ ఒప్పుకోని బూతు మాటలు, ఇంత టెన్షన్ మధ్య తీస్తే 13 ఆస్కార్ నామినేషన్లు, అందులో 5 అవార్డులు వచ్చాయి. పెద్దలు తోడు లేకుండా 18 ఏళ్ల లోపువాళ్లని రానివ్వమని వార్నర్ స్టూడియో వాళ్లే చెప్పి విడుదల చేశారు, రెండేళ్లకి అమెరికాలో వయసును బట్టి సినిమాలకి రేటింగులిచ్చే పద్ధతే వచ్చింది. 1969లో 'హలో డాలీ!'కీ ఆయనే రచయిత, నిర్మాత, అది మాత్రం డబ్బు మంచినీళ్లలా తాగి స్టూడియోని నష్టాల్లోకి నెట్టింది. ఆరు నామినేషన్లు వచ్చినా ఒక్క పోటీ ఆస్కారూ గెలవని మనిషికి 2001లో గౌరవ ఆస్కార్ ఇచ్చారు, 2005లో పోయారు.

మొదటిసారి చూసేవాళ్లు కామెంటరీ జోలికి పోవద్దు, సస్పెన్స్ అంతా పోతుంది. 'వర్జీనియా వుల్ఫ్' డిస్క్‌లో కూడా దర్శకుడూ కెమెరామనూ మాట్లాడిన ట్రాకులు ఉన్నాయి, నిర్మాత గొంతు మాత్రం లేదు. కాబట్టి లేమన్ కోసమైతే కొనాల్సింది ఇదే.