ఒకసారి చచ్చి బతికిన నా టీవీ బాక్సు, వైఫై మాత్రం తిరిగి రాలేదు

2019లో కొన్నా, టీవీకి తగిలించుకునే ఆండ్రాయిడ్ బాక్సు, లోపల ఎమ్‌లాజిక్ ఎస్905ఎక్స్ చిప్పు. పేరు చెప్పినా లాభం లేదు, అదే డబ్బాని నాలుగు పేర్లతో అమ్ముతుంటారు. స్పెక్స్ అందరికీ తెలిసినవే, వదిలేద్దాం.

కొత్తలో తెగ పొగిడేవాణ్ణి. ఎస్‌డీ కార్డులో కోర్‌ఎలెక్ అనే చిన్న ఆపరేటింగ్ సిస్టమ్ వేసి, బాక్సులో ఏ హార్డ్‌వేర్ ఉందో దానికి చెప్పే డీటీబీ ఫైలు సరైనది పెట్టి, ఏవీ రంధ్రంలో దాక్కున్న బటన్‌ని టూత్‌పిక్‌తో నొక్కి పట్టుకుని పవర్ ఇస్తే కోడి వచ్చేస్తుంది (కూసే కోడి కాదు, సినిమాలు ప్లే చేసే సాఫ్ట్‌వేర్), లోపలున్న ఆండ్రాయిడ్ జోలికి పోనవసరమే లేదు. నేను అక్కడితో ఆగితే బావుండేది.

ఆండ్రాయిడ్ స్లో అయిందని, డబ్బా మీద పేరు కలిసింది కదా అని దొరికిన ఫర్మ్‌వేర్ (బాక్సు లోపలి సాఫ్ట్‌వేర్) ఒకటి దింపి ఫ్లాష్ చేశా, అంటే పాతదాని మీద ఎక్కించా. అంతే, ఎర్ర లైటు తప్ప ఇంకేం లేదు. రెండువైపులా మేల్ ఉన్న యూఎస్‌బీ కేబుల్ తెచ్చి పెట్టినా ల్యాప్‌టాప్‌లో ఫర్మ్‌వేర్ ఎక్కించే బర్నింగ్ టూల్‌కి బాక్సు కనపడదు. రెండ్రోజులు తల పట్టుకున్నాక అర్థమైంది, ఆ ఫర్మ్‌వేర్‌లోని బూట్‌లోడర్ (బాక్సుని స్టార్ట్ చేసే ప్రోగ్రామ్) వేరే ర్యామ్ చిప్పుల కోసం రాసింది, ఈఎమ్ఎమ్‌సీ (బాక్సు లోపలి స్టోరేజీ) నుంచి లోడ్ అవుతోంది గానీ ర్యామ్‌ని లేపేదగ్గర నిలబడిపోతోంది. అప్పుడు మూత ఊడదీసి, బోర్డు మీద ఈఎమ్ఎమ్‌సీకి క్లాక్ సిగ్నల్ వెళ్ళే పాయింటుని ట్వీజర్‌తో గ్రౌండ్‌కి కలిపి పవర్ ఇచ్చా. చిప్పుకి ఈఎమ్ఎమ్‌సీ కనపడకపోయేసరికి చిప్పులోనే శాశ్వతంగా ఉండే బూట్ రోమ్ అనే ప్రోగ్రామ్ యూఎస్‌బీ వైపు చూసింది, బాక్సు దొరికిందని ల్యాప్‌టాప్ టింగ్‌మంది! ఆ ఒక్క సౌండ్ కోసమే ఈ సమీక్ష రాస్తున్నా అనుకోండి, ఆ రోమ్‌ని మనం ఎంత కెలికినా చెరపలేం.

ఈసారి బోర్డు మీద ముద్రించిన నంబర్ చూసి వెతికి, దానికి దగ్గరగా ఉన్న ఫర్మ్‌వేర్ ఎక్కించా. బాక్సు లేచింది గానీ వైఫై ఆన్ అవదు, నా బోర్డులో ఉన్న వైఫై చిప్పుకి డ్రైవర్ దాన్లో లేదు. పాతదాన్ని ముందే బ్యాకప్ తీసుకోవాల్సింది, తీసుకోలేదు.

"కోర్‌ఎలెక్ ఉంటే ఎప్పటికీ అప్‌డేట్సే" అని ఫ్రెండ్స్‌తో అన్నమాట కూడా కొంచెం వెనక్కి తీసుకుంటున్నా, ఈ చిప్పుకి అది 9.2.8 వెర్షన్ దగ్గరే ఆగిపోయింది. ఓటీటీ హెచ్‌డీ ఆశ కూడా పెట్టుకోకండి, ఓటీటీ యాప్‌లు హెచ్‌డీ ఇవ్వడానికి అడిగే కాపీ రక్షణ, వైడ్‌వైన్ ఎల్1, నా దాంట్లో లేదు.

మా ఇంట్లో టీవీ పక్కనే రౌటర్ ఉంది కాబట్టి లాన్ కేబుల్‌తో నడుస్తోంది, నాన్న హార్డ్ డిస్కులోని పాత సినిమాలు చూసుకుంటారు, ఆయనకి ఇంకేం అక్కర్లేదు. మీకు రౌటర్ వేరే గదిలో ఉంటే మాత్రం నా మాట పట్టుకుని కొనకండి.