ఈఎంఐ పెరగలేదని నిమ్మళంగా ఉన్నారా? మిగిలిన కిస్తులు ఎన్నో ఒకసారి చూడండి

మహబూబ్‌నగర్, జడ్చర్ల, భూత్పూర్, షాద్‌నగర్ వైపు ఇల్లు కొనే పనిలో ఉన్నవాళ్లు, కొని రెండు మూడేళ్లయి కిస్తులు కడుతున్నవాళ్లు ఇది కాస్త ఓపికతో చదవండి. కంపెనీ పేరు రాయట్లేదు. ఒక హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ అనుకోండి చాలు. పేరు చెప్తే మీరు దాన్ని వదిలేసి పక్క బోర్డు కిందికి పోతారు, అక్కడా ఇదే నడుస్తోంది.

నాకు జడ్చర్లలో ఎలక్ట్రికల్ షాపు. ఐటీ రిటర్నుల్లో ఆదాయం పెద్దగా కనపడదు కాబట్టి బ్యాంకులు ముందే చేతులెత్తేశాయి. ఈ కంపెనీ ఏజెంట్ మాత్రం షాపుకే వచ్చి కూర్చుని, గల్లా చూసి, జీఎస్టీ కాగితాలు ఫొటోలు తీసుకుని వారంలో పని అయిపోతుందన్నాడు. 2022 జనవరిలో 30 లక్షలు సాంక్షన్ అయింది. 8.5 శాతం, 20 ఏళ్లు. "రేట్లు పెరిగితే ఎట్ల తమ్మీ" అని అడిగితే అతను చెప్పిన మాట: "ఈఎంఐ పైసా పెరగదు అన్నా, టెన్షన్ పడకు." నిజమే, పైసా పెరగలేదు. మోసమంతా ఆ నిజంలోనే ఉంది.

మన దగ్గర మిత్తి అంటే నూటికి రెండు రూపాయలు, మూడు రూపాయలు. ఆ లెక్కన 8.5 శాతం అంటే నూటికి నెలకు 70 పైసలు. వినగానే ఎవరికైనా చవక అనిపిస్తుంది, ఏజెంట్లు కూడా సరిగ్గా ఇట్లనే చెప్తారు. కానీ ఊళ్లో తెచ్చిన అప్పు పంట చేతికొస్తే తీరుస్తాం, లేదా చిట్టీ ఎత్తి తీరుస్తాం. ఇది 240 నెలలు నడుస్తుంది. 30 లక్షలకు 8.5 శాతంతో 20 ఏళ్లకు ఈఎంఐ 26,035. మొత్తం కట్టేది 62 లక్షల 48 వేలు, అందులో మిత్తే 32 లక్షల 48 వేలు. రేటు ఒక్కసారీ మారకపోతే లెక్క ఇది. అదే అప్పు 30 ఏళ్లకు పెట్టించుకుంటే ఈఎంఐ 23,067కి దిగుతుంది. నెలకు 3 వేలు మిగిలాయని సంబరపడతాం గానీ మిత్తి 53 లక్షలు దాటుతుంది. 15 ఏళ్లకైతే ఈఎంఐ 29,542, మిత్తి 23 లక్షల పైచిలుకు. అందుకే ఏజెంట్ "నెలకు ఎంతైతే కట్టగలవు" అని మాత్రమే అడుగుతాడు. మొత్తం ఎంత కట్టాలో అతను నోరు తెరిచి చెప్పడు.

మాకు జరిగింది వరసగా చెప్తా. చెక్కు ఇచ్చే రోజు సంతకాల కట్టలో ఇన్సూరెన్స్ ఫారం పెట్టారు. ప్రీమియం 1,20,000. "ఇది లేకుంటే ఫైలు కదలదు" అన్నారు, పైగా జేబులోంచి కట్టక్కర్లేదు, లోన్‌లోనే కలిపేస్తామన్నారు. అట్లా 30 లక్షలు కాస్తా 31 లక్షల 20 వేలయింది, ఈఎంఐ 27,076 అయింది. నెలకు 1,041 రూపాయలేగా అంటారు, కానీ 20 ఏళ్లు మిత్తితో కలిపి కడితే ఆ లక్షా ఇరవై వేలు రెండున్నర లక్షలు. ఇంకో విచిత్రం, పాలసీ ఉండేది పదేళ్లే, అప్పేమో ఇరవై ఏళ్లు. లోన్ కావాలంటే లైఫ్ ఇన్సూరెన్స్ తీసుకోవాల్సిందే అని ఆర్‌బీఐ రూలు ఏదీ లేదు. ఇప్పుడైతే పాలసీ చేతికొచ్చిన 30 రోజుల్లో నచ్చలేదని వెనక్కి ఇచ్చేయొచ్చు, ఫ్రీ లుక్ అంటారు. మీకు ఇప్పటికే అంటగట్టి ఉంటే ముందు ఆ తేదీ చూసుకోండి, మిగతాది తర్వాత చదవొచ్చు.

మొదటి నెల కట్టిన 27,076లో 22,100 మిత్తికే పోయింది. ఏడాదిలో దాదాపు మూడు లక్షల పాతిక వేలు కట్టాం, అసలు తగ్గింది 62 వేలు. ఇది మోసం కాదు, ఈఎంఐ లెక్క ఎక్కడైనా ఇంతే, మొదటి ఏళ్లల్లో మిత్తి ఎక్కువ అసలు తక్కువ. అసలు కథ ఇక్కడి నుంచి మొదలవుతుంది.

2022 మే నెలలో ఆర్‌బీఐ రెపో రేటు, అంటే బ్యాంకులకు తను ఇచ్చే అప్పు మీద తీసుకునే మిత్తి, పెంచడం మొదలుపెట్టింది. 4 శాతం ఉన్నది 2023 ఫిబ్రవరికల్లా 6.5 అయింది. మా కంపెనీ ఏడాది తిరిగేసరికి మా రేటు 9.5 చేసింది. ఇంగ్లిష్‌లో ఒక మెసేజ్ వచ్చింది, మీ రేటు సవరించాం అని ఒక్క లైను, దానిలో కిస్తుల మాట లేదు. అకౌంట్లో కట్ అయ్యేది మాత్రం అదే 27,076. ఎవరికైనా ఏం అనుమానం వస్తుంది?

చిట్టీ పాడుకుంటే చేతికొచ్చిన రెండు లక్షలు అసలులో కడదామని ఆఫీసుకు పోయి పూర్తి స్టేట్‌మెంట్ అడిగినప్పుడు బయటపడింది. ఆరేడు పేజీల ప్రింటు, చిన్న అక్షరాలు. రేటు మారిన నెల వరసలో, 228 కిస్తులు మిగిలి ఉండాల్సిన చోట 285 అని ఉంది. కౌంటర్ దగ్గర ఉన్న పిల్లగాడిని ఇదేంటి అంటే "టెన్యూర్ ఆటోమేటిక్‌గా అడ్జస్ట్ అవుతది సార్" అన్నాడు. టెన్యూర్ అంటే అప్పు తీరే కాలం. ఆటోమేటిక్‌గా అడ్జస్ట్ అయింది ఎవరి జేబులో సార్ అది! 57 కిస్తులంటే 15 లక్షల పైమాట. 

అదే రోజు మమ్మల్ని పిలిచి, రేటు పెరిగింది, ఈఎంఐ 29,014 చేస్తాం, మీ 228 కిస్తులు అట్లనే ఉంటాయి అని అడిగి ఉంటే నెలకు 1,940 ఎక్కువ కట్టేవాళ్లం. మొత్తం మీద అదనంగా పడేది 4 లక్షల 40 వేల చిల్లర. ఈఎంఐ ముట్టుకోకుండా కిస్తులు పెంచినందుకు అది 15 లక్షలయింది. రేటు చివరిదాకా 9.5 దగ్గరే ఉంటుందనుకుంటే లెక్క ఇది, మధ్యలో రేటు తగ్గితే కొంత మారుతుంది. కానీ 4 లక్షలతో పోయేదా, 15 లక్షలతో పోయేదా అని ఎంచుకునే అవకాశం మాకు ఇవ్వకపోవడమే నా కోపం.

ఆర్‌బీఐ 2023 ఆగస్టులో దీని మీదే సర్క్యులర్ ఇచ్చింది. రేటు మారినప్పుడు ఈఎంఐ పెంచుకుంటారా, కాలం పెంచుకుంటారా, రెండూ కొంచెం కొంచెమా అని అప్పు తీసుకున్నవాళ్లను అడగాలి. మూడు నెలలకోసారి ఇచ్చే స్టేట్‌మెంట్‌లో ఇప్పటిదాకా ఎంత అసలు, ఎంత మిత్తి వసూలైంది, ఇంకా ఎన్ని కిస్తులున్నాయి అన్నది ఉండాలి. పాత లోన్లకు కూడా 2023 డిసెంబర్ 31లోగా ఇది అమలు చేయాలన్నారు, బ్యాంకులకే కాదు హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకూ వర్తిస్తుంది. మాకు ఆ స్టేట్‌మెంట్ ఇంటికి రాలేదు, అడిగితే యాప్‌లో ఉంటుందన్నారు. యాప్‌లో ఈఎంఐ, తేదీ పెద్ద అక్షరాలతో ఉంటాయి, మిగిలిన కిస్తులు చూడాలంటే మూడు మెనూలు దాటి లోపలికి పోవాలి. 

ఇంకో దెబ్బ ఏంటంటే, బ్యాంకులు 2019 అక్టోబర్ 1 తర్వాత ఇచ్చిన ఫ్లోటింగ్, అంటే రేటు మారుతూ ఉండే హోమ్ లోన్లను రెపో లాంటి బయటి రేటుకు కట్టాలి, కనీసం మూడు నెలలకోసారి రీసెట్ చేయాలి. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీలకు ఆ కట్టు లేదు, వాళ్లే నిర్ణయించుకునే సొంత ప్రైమ్ రేటు మీద నడుపుకుంటాయి. రెపో పెరిగినప్పుడు మా రేటు చకచకా పెరిగింది. 2025లో రెపో ఫిబ్రవరి నుంచి దిగుతూ డిసెంబర్‌కి 5.25 అయింది, మా రేటు మాత్రం కదల్లేదు. అదే కంపెనీ బోర్డు మీద కొత్త కస్టమర్లకు రేటు మా కన్నా తక్కువ. పోయి గట్టిగా అడిగితే "కన్వర్షన్ ఫీజు కట్టండి సార్, తగ్గిస్తాం" అన్నారు, అంటే పాత లోన్‌ను తక్కువ రేటుకు మార్చడానికి తీసుకునే ఫీజు. అడగని వాళ్లు పాత రేటుకే కడుతూ ఉంటారు, అంతే. 

ఇల్లు వెతుకుతున్నవాళ్లకు పైపై ఖర్చుల సంగతి కూడా చెప్పాలి. తెలంగాణలో సేల్ డీడ్‌కు స్టాంపు డ్యూటీ, ట్రాన్స్‌ఫర్ డ్యూటీ, రిజిస్ట్రేషన్ ఫీజు కలిపి 2021 జులై నుంచి 7.5 శాతం. 36 లక్షలకు రిజిస్టర్ చేస్తే 2 లక్షల 70 వేలు. మామూలుగా ఇది లోన్‌లో రాదు. దీని మీద లాగిన్ ఫీజు, ప్రాసెసింగ్ ఫీజు, లీగల్, వాల్యుయేషన్, కాగితాలు తాకట్టు పెట్టే ఎంఓడీ ఖర్చు. చాలామంది ఇక్కడికొచ్చాక చేతిలో పైసలు లేక ఇంట్లో బంగారం తాకట్టు పెడతారు, మేమూ అదే చేశాం, ఆ మిత్తి వేరే. ఇల్లు ఎంతకు పడిందంటే జనం బేరం చేసిన ధర చెప్తారు గానీ ఇవన్నీ ఎవరూ కలపరు.

సొంతంగా కట్టుకునేవాళ్లకు ఇంకోటి. పునాదికి ఇంత, స్లాబుకు ఇంత, ప్లాస్టరింగ్‌కు ఇంత అని విడతలుగా డబ్బు వదులుతారు. అప్పటిదాకా ప్రీ ఈఎంఐ పేరుతో ఇచ్చిన దాని మీద మిత్తి మాత్రమే తీసుకుంటారు. 20 లక్షలు విడుదలైతే 8.5 శాతానికి నెలకు 14 వేల పైన, అందులో అసలుకు రూపాయి కూడా పోదు. మేస్త్రీ పని ఆర్నెల్లు సాగదీస్తే ఆ ఆర్నెల్లూ ఉత్త మిత్తి.

"ట్యాక్స్ మిగులుతది" అనే మాట కూడా వింటారు. సొంతంగా ఉండే ఇంటి మీద మిత్తికి 2 లక్షల దాకా మినహాయింపు ఇన్‌కమ్ ట్యాక్స్ పాత పద్ధతిలోనే. ఇప్పుడు మామూలుగా వర్తించే కొత్త పద్ధతిలో అది లేదు. మీరు ఏ పద్ధతిలో ఉన్నారో చూసుకోకుండా ఆ మాట నమ్మి లోన్ పెంచుకోవద్దు.

2024 అక్టోబర్ 1 నుంచి కొత్త లోన్లకు కీ ఫ్యాక్ట్స్ స్టేట్‌మెంట్ అని ఒక కాగితం ఇవ్వాలి. అందులో ఏపీఆర్ ఉంటుంది, అంటే ఫీజులు, వాళ్ల ద్వారా తీసుకున్న ఇన్సూరెన్స్ కూడా కలిపి అసలు రేటు ఎంత పడుతుందో అది. ఏజెంట్ చెప్పిన 8.5ని పక్కన పెట్టి అది చూడండి. నెలనెలా అసలు ఎంత, మిత్తి ఎంత అన్న పట్టిక కూడా అడిగి తీసుకోండి. సంతకం పెట్టకముందే, మీకు అర్థమయ్యే భాషలో అడగొచ్చు, అది మీ హక్కు. "సర్వర్ డౌన్ ఉంది, తర్వాత మెయిల్ చేస్తాం" అంటే ఆ రోజు సంతకం పెట్టకుండా లేచి రండి. ఇల్లు ఎక్కడికీ పోదు, అమ్మేవాడికి కూడా మీ చెక్కే కావాలి.

ఇప్పటికే కడుతున్నవాళ్లు చేయాల్సింది పెద్దగా ఏం లేదు, మిగిలిన కిస్తులెన్నో కనుక్కోండి, మీరు లోన్ తీసుకున్నప్పటి లెక్కతో పోల్చండి. పెరిగి ఉంటే రాతపూర్వకంగా ఈఎంఐ పెంచమని, కాలం పాతదే ఉంచమని అడగండి. చేతిలో కొంత ఉంటే అసలులో వేయండి. మా లెక్కలో రేటు 9.5 అయిన దశలో రెండు లక్షలు వేస్తే 285 కిస్తులు 229కి దిగుతాయి, ఆ రెండు లక్షలకు అంత బలం ఉంది. మేము కాస్త ఆలస్యంగా వేశాం కాబట్టి అంతకన్నా కొద్దిగా తక్కువ తగ్గాయి. అయితే ఇక్కడ కూడా జాగ్రత్త, మా రెండు లక్షలు తీసుకుని మాకు చెప్పకుండా ఈఎంఐ తగ్గించి కిస్తులు అట్లనే ఉంచారు. మళ్లీ పోయి కాగితం రాసిస్తే గానీ మార్చలేదు. చెక్కుతో పాటే "టెన్యూర్ తగ్గించండి" అని రాసిచ్చి, ఒక కాపీ మీద ఆఫీసు ముద్ర వేయించుకోండి. వ్యక్తులు తీసుకున్న ఫ్లోటింగ్ రేటు హోమ్ లోన్‌కు ముందే కట్టినా, వేరే బ్యాంకుకు మార్చుకున్నా పెనాల్టీ వేయకూడదు. ఫిక్స్‌డ్ అయితే ఒప్పందం చదవండి.

ఎంత అడిగినా వినకపోతే ముందు కంపెనీకే రాతపూర్వకంగా ఫిర్యాదు ఇవ్వండి, నెల రోజులు చూడండి. తర్వాత బ్యాంకు అయితే ఆర్‌బీఐ ఒంబుడ్స్‌మన్, అంటే ఫిర్యాదులు విని తేల్చే అధికారి దగ్గరికి సీఎంఎస్ అనే ఫిర్యాదుల పోర్టల్‌లో పోవచ్చు, 14448కి ఫోన్ చేస్తే వివరాలు చెప్తారు. హౌసింగ్ ఫైనాన్స్ కంపెనీ అయితే నేషనల్ హౌసింగ్ బ్యాంక్ వాళ్ల గ్రిడ్స్ అనే ఫిర్యాదుల పోర్టల్. నేను అందులోనే పెట్టాను. ఆ తర్వాత కంపెనీ నుంచి ఫోన్ వచ్చింది, ఎప్పుడూ లేనంత మర్యాదగా మాట్లాడారు, కన్వర్షన్ ఫీజు సగం తగ్గించి రేటు దించారు. ఇన్సూరెన్స్ డబ్బుల విషయం మాత్రం ఇంకా తేల్చలేదు, మీరు సంతకం పెట్టారు కదా అంటున్నారు. పెట్టకపోతే చెక్కు ఇచ్చేది లేదన్న మాట వాళ్లు నోటితో చెప్పారు, కాగితం మీద లేదు. మీకు ఎవరైనా అట్లా చెప్తే ఆ మాట మెసేజ్‌లో పెట్టమని అడగండి.